నిపుణుడి చాటున సంస్థ: మార్కుల వివాదాలపై ఒక ఖండన

పరీక్షలో వచ్చిన మార్కులను న్యాయస్థానంలో ప్రశ్నించరాదనీ, ఎవరైనా ప్రశ్నించినా న్యాయమూర్తులు ఆ వ్యాజ్యాన్ని గడప దాటనీయరాదనీ చెప్పే అభిప్రాయం విద్యావేత్తలలోనూ పరిపాలకులలోనూ న్యాయవాదులలోనూ దాదాపు నిర్వివాదంగా చెలామణి అవుతున్నది. దీనికి మూడు ఆధారాలు చూపుతారు. జవాబు పత్రానికి విలువ కట్టడం ఆ శాస్త్రం తెలిసినవారి పని గనుక అందులో న్యాయమూర్తికి చోటు లేదన్నది మొదటిది. లక్షల మంది రాసే పరీక్షకు ఎక్కడో ఒకచోట ముగింపు ఉండి తీరాలన్నది రెండోది. ఒకరికి తలుపు తీస్తే వేల మంది వరుస కడతారన్నది మూడోది. మహారాష్ట్ర ఉన్నత మాధ్యమిక విద్యా మండలికీ పరితోష్ భూపేష్‌కుమార్ సేఠ్‌కూ మధ్య నడిచిన కేసులో 1984లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుతో ఈ వాదానికి అధికార ముద్ర పడింది. ఆ తర్వాత వచ్చిన తీర్పులలో అనేకం దాన్నే వల్లించాయి. నిపుణుడి నిర్ణయానికి గౌరవం ఇవ్వవలసిందే. అయితే ఆ నిర్ణయం నిజంగా జరిగినప్పుడు, జరిగిన తీరును చూపగలిగినప్పుడు మాత్రమే దానికి ఆ గౌరవం చెల్లుతుంది. ఆచరణలో ఆ గౌరవం నిపుణుడిని దాటి, పరీక్ష నిర్వహించిన కార్యాలయానికీ, లెక్క కూడిన గుమాస్తాకూ, గడులు చదివిన యంత్రానికీ కూడా దక్కుతున్నది. ప్రచారంలో ఉన్న వాదాన్ని తోసిపుచ్చవలసిన అవసరం ఇక్కడే వస్తున్నది.

ఆ వాదంలో నిజం బొత్తిగా లేదని అనరాదు. ఒక సమాధానానికి పదికి ఆరు మార్కులు తగునా ఏడు తగునా అన్నది న్యాయమూర్తి తేల్చగలిగిన విషయం కాదు. హిమాచల్‌ప్రదేశ్ పబ్లిక్ సర్వీస్ కమిషన్, ముకేశ్ ఠాకూర్ కేసులో, సివిల్ జడ్జి పోస్టుల పరీక్షకు రాసిన సమాధానాలను హైకోర్టు తానే పరిశీలించడాన్ని సుప్రీంకోర్టు 2010లో తప్పుపట్టింది. పత్రం న్యాయశాస్త్రానిది గనుక సరిపోయింది, భౌతికశాస్త్రానిదో రసాయనశాస్త్రానిదో అయి ఉంటే ఇదే పని చేయగలిగేవారా అని సందేహం వెలిబుచ్చింది. ఆ సందేహం సబబైనదే. అయితే దాన్ని పట్టుకుని, మార్కులకు సంబంధించిన ప్రతి వివాదమూ నిపుణుల పరిధిలోనిదే అన్న నిర్ధారణకు దూకడంలో పొరపాటు ఉన్నది.

విద్యార్థి చేతికి అందే మార్కుల జాబితా ఒకే మనిషి ఒకే చూపులో ఇచ్చిన తీర్పు కాదు. ఇంటర్మీడియట్ జవాబు పత్రాన్నే తీసుకుంటే, రాసినది ఎవరో తెలియకుండా ముందు దానికి ఒక కోడ్ సంఖ్య వేస్తారు. స్పాట్ వాల్యుయేషన్ శిబిరంలో, అంటే పత్రాలను ఒకచోటికి చేర్చి అధ్యాపకులను రప్పించి దిద్దించే కేంద్రంలో, అది ఒక ఎగ్జామినర్ ముందుకు వస్తుంది. ప్రశ్నల వారీగా మార్కులు పడతాయి, వాటిని కూడతారు. మొత్తాన్ని ఓఎంఆర్ పత్రంపై, అంటే యంత్రం చదవగలిగే పత్రంపై, గడులు నింపి నమోదు చేస్తారు. స్క్రూటినైజర్ ఆ లెక్కను సరిచూస్తారు. ఆపైన స్కానింగ్ జరిగి, కోడ్ విప్పి, హాల్‌టికెట్ నంబరుకు మార్కులు జతపడి, ఫలితం వెలువడుతుంది. ఇన్ని మెట్లలో శాస్త్రజ్ఞానం కావలసినది సమాధానాన్ని చదివి మార్కు వేసే ఒక్క మెట్టుకే. మిగిలినవన్నీ లెక్కకూ నమోదుకూ సంబంధించిన పనులు. అవి చిన్న పనులని కాదు. వాటిలో తప్పు జరిగితే దాన్ని గుర్తించడానికి ఏ శాస్త్రంలోనూ పట్టా అక్కరలేదు, చదవడమూ కూడడమూ వస్తే చాలు.

2019 ఏప్రిల్ 18న తెలంగాణ ఇంటర్మీడియట్ ఫలితాలు వెలువడిన తర్వాత జరిగినది ఈ తేడాను కళ్లకు కట్టింది. తొమ్మిది లక్షలకు పైగా విద్యార్థులు రాసిన ఆ పరీక్షల ఫలితాలలో, హాజరైన వారికి గైర్హాజరు పడడం, మునుపటి ఏడాది మంచి మార్కులు వచ్చినవారికి సున్నాలు రావడం బయటపడ్డాయి. తెలుగులో సున్నా వచ్చిన ఒక విద్యార్థిని పత్రాన్ని మళ్లీ చూస్తే అసలు మార్కులు 99 అని తేలింది. దిద్దినవారు 99 వేశారు, గడులు నింపే దగ్గర అది సున్నా అయింది. ప్రభుత్వం త్రిసభ్య సంఘాన్ని వేసి, తప్పినవారందరి పత్రాలనూ రుసుము లేకుండా పునఃపరిశీలించమని ఆదేశించగా, వెయ్యి మందికి పైగా ఉత్తీర్ణులయ్యారు. ఫలితాలు వచ్చిన కొద్ది రోజులలోనే ఇరవై మందికి పైగా పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. వారిలో ఎవరి పత్రంలో ఏ పొరపాటు జరిగిందన్నది వేరే ప్రశ్న. తమ మార్కులు నమ్మదగినవో కావో తెలుసుకునే దారి ఆ పిల్లలకు సకాలంలో కనబడలేదన్నది మాత్రం కాదనలేని నిజం.

ఆ సున్నాను నిపుణుల పరిధి పేరుతో కాపాడితే కాపాడబడేది ఏమిటి? నిపుణుడి తీర్పు 99. దాన్ని తుడిచిపెట్టినది నమోదులోని లోపం. న్యాయస్థానం ఆ పత్రాన్ని తెప్పించి చూస్తే నిపుణుడిని ధిక్కరించినట్టు కాదు, ఆయన మాటను నిలబెట్టినట్టు అవుతుంది. తప్పినవారు లక్షలలో ఉండగా మారినవి వెయ్యి ఫలితాలేనని, కాబట్టి వ్యవస్థ మొత్తం మీద సవ్యంగానే ఉన్నదని కొందరు సమర్థించారు. లక్షల మందికి సరిగా కూడినందువల్ల ఒకరికి తప్పుగా కూడే హక్కు ఏ సంస్థకూ సంక్రమించదు. పైగా ఆ వెయ్యి మందీ బయటపడినది ప్రజలు వీధికెక్కి అడిగినందువల్లనే గాని సాధారణ నియమాల వల్ల కాదు.

నిపుణులను గౌరవించాలన్న సూత్రం ఎక్కడ పుట్టిందో చూస్తే దాని హద్దులు కూడా తెలుస్తాయి. 1963 నాటి మైసూరు విశ్వవిద్యాలయం, గోవిందరావు కేసు దీనికి తరచు ఉదహరించే మూలాలలో ఒకటి. అది ఆంగ్లశాఖలో రీడరు నియామకానికి సంబంధించిన వివాదం. అక్కడ నిపుణుల మండలి ఒకటి నిజంగా కూర్చున్నది, అభ్యర్థుల యోగ్యతలను పరిశీలించింది, సిఫారసు చేసింది. అటువంటి సిఫారసును కాదనడానికి న్యాయస్థానాలు సంకోచించాలని సుప్రీంకోర్టు అన్నది. అమెరికా సుప్రీంకోర్టు 1985లో మిషిగన్ విశ్వవిద్యాలయం, యూయింగ్ కేసులో ఇదే సూత్రాన్ని మరింత స్పష్టంగా చెప్పింది. వైద్యవిద్యలో ఒక కీలక పరీక్ష తప్పినందుకు విశ్వవిద్యాలయం తొలగించిన విద్యార్థి వేసిన దావా అది, విద్యార్థి ఓడిపోయాడు. అయినా ఆ తీర్పు ఒక కొలబద్దను మిగిల్చింది: సంబంధిత అధికారి తన వృత్తిపరమైన వివేచనను అసలు ఉపయోగించనే లేదని తేలేంతగా విద్యారంగపు ప్రమాణాల నుంచి పక్కకు తొలగి ఉంటే తప్ప న్యాయమూర్తి జోక్యం చేసుకోరాదు. అంటే, వివేచన జరిగిందా లేదా అన్న ప్రశ్నను అడిగే అధికారం న్యాయస్థానానికి ఉన్నదనే దాని అర్థం. ఆ ప్రశ్న అడగకుండానే తలుపు మూయడం గౌరవం కిందికి రాదు.

ఇక 1984 నాటి తీర్పును దగ్గరగా చూడాలి. మహారాష్ట్ర మండలి నిబంధనల ప్రకారం విద్యార్థికి రుసుము కట్టి మార్కులను సరిచూపించుకునే అవకాశం ఉండేది. సరిచూడడమంటే సమాధానాలన్నిటికీ మార్కులు పడ్డాయా, కూడిక సరిపోయిందా అన్నంత వరకే. పత్రాన్ని తిరిగి దిద్దించుకోవడాన్నీ, కనీసం కళ్లతో చూడడాన్నీ ఆ నిబంధనలే నిషేధించాయి. బొంబాయి హైకోర్టు ఆ నిషేధాన్ని కొట్టివేయగా సుప్రీంకోర్టు తిరిగి నిలబెట్టింది. సహజ న్యాయసూత్రాలు, అంటే ఒకరికి నష్టం కలిగించే నిర్ణయానికి ముందు ఆ మనిషి మాట వినాలన్న నియమాలు, జవాబు పత్రాల తనిఖీ దాకా సాగవని అది చెప్పింది. దిద్దే ముందు విద్యార్థిని పిలిచి వినడం అసాధ్యం గనుక అంతవరకు ఒప్పుకోవచ్చు. కానీ దిద్దిన తర్వాత తన పత్రాన్ని తాను చూసుకుంటానని అడగడం వేరే కోరిక. అది విచారణ కోరడం కాదు, సాక్ష్యం కోరడం. ఈ రెంటినీ ఒకే గాటన కట్టినందువల్ల తర్వాతి పాతికేళ్లకు పైగా దేశంలో కోట్ల మంది విద్యార్థులు తాము రాసిన కాగితాన్నే తిరిగి చూడలేని స్థితిలో ఉండిపోయారు.

ఆ చీకటిని తొలగించినది విద్యాశాస్త్రం కాదు, 2005 నాటి సమాచార హక్కు చట్టం. సీబీఎస్ఈ, ఆదిత్య బందోపాధ్యాయ కేసులో 2011 ఆగస్టు 9న జస్టిస్ రవీంద్రన్ రాసిన తీర్పు, దిద్దిన జవాబు పత్రం ఆ చట్టం కింద సమాచారమే అవుతుందనీ, రాసినవారికి దాన్ని చూపవలసిందేననీ ప్రకటించింది. దిద్దినవారి భద్రత దృష్ట్యా వారి పేరును మరుగుపరచవచ్చని మినహాయింపు ఇచ్చింది. పత్రం చూపితే పరీక్షా వ్యవస్థ కుప్పకూలుతుందని అంతకుముందు మండళ్లన్నీ వాదించాయి. కూలలేదు. నేడు రెండు తెలుగు రాష్ట్రాల ఇంటర్మీడియట్ బోర్డులూ రుసుము తీసుకుని స్కాన్ చేసిన జవాబు పత్రాన్ని విద్యార్థికి అందజేస్తున్నాయి. వేల మంది వరుస కడతారన్న మూడో ఆధారానికి ఇంతకు మించిన జవాబు అక్కరలేదు.

అయితే ఆ తీర్పులోనే ఒక అడ్డుకట్ట మిగిలింది: పత్రం చూసే హక్కు ఉన్నంత మాత్రాన, నిబంధనలు ఒప్పుకోని చోట తిరిగి దిద్దించుకునే హక్కు రాదు. నెల తిరగకుండానే, 2011 సెప్టెంబరులో, చార్టర్డ్ అకౌంటెంట్ల సంస్థకు సంబంధించిన షౌనక్ సత్య కేసులో, ఎగ్జామినర్లకు రహస్యంగా ఇచ్చిన సూచనలనూ సమాధానాలనూ బయటపెట్టనక్కరలేదని సుప్రీంకోర్టు తేల్చింది. వీటితో 2017 డిసెంబరు నాటి రణ్‌విజయ్ సింగ్ తీర్పును కలిపి చదివితే విద్యార్థి ఎంత ఇరుకులో పడ్డాడో అర్థమవుతుంది. నిబంధనలు లేనప్పుడు పునర్మూల్యాంకనానికి న్యాయస్థానం ఆదేశించాలంటే, తర్కించి రాబట్టవలసిన అవసరం లేనంత స్పష్టంగా తప్పు కనబడాలని ఆ తీర్పు షరతు పెట్టింది. సందేహం మిగిలితే దాని ప్రయోజనం పరీక్షా సంస్థకే దక్కాలని కూడా చెప్పింది. తప్పును నిస్సందేహంగా నిరూపించమని విద్యార్థిని అడుగుతూ, ఆ తప్పును కొలవడానికి కావలసిన కొలకర్రను మాత్రం సంస్థ పెట్టెలో దాచి తాళం వేస్తే, ఆ నిరూపణ ఎలా సాధ్యం? ఏ సివిల్ దావాలోనైనా పత్రాలు తన చేతిలో ఉండి వాటిని చూపని పక్షానికి వ్యతిరేకంగా న్యాయమూర్తి అర్థం తీసుకోవచ్చు. పరీక్షల విషయంలో ఆ నియమం తలకిందులైంది.

మరొక సంగతిని ఈ చర్చలో దాదాపు ఎవరూ పట్టించుకోవడం లేదు. రణ్‌విజయ్ సింగ్ కేసు ఉత్తర్‌ప్రదేశ్‌లో ఉపాధ్యాయ పోస్టుల భర్తీకి సంబంధించినది. పోస్టులు లెక్కకు ఉన్న పోటీ పరీక్షలో ఒకరికి మార్కులు పెరిగితే మరొకరు జాబితా నుంచి జారిపోతారు. న్యాయస్థానం ముందు లేనివారికి నష్టం కలుగుతుందన్న జంకు అక్కడ న్యాయమైనదే. అర్హతా పరీక్ష అటువంటిది కాదు. ఇంటర్మీడియట్‌లో నూటికి 35 తెచ్చుకున్న ప్రతివారూ ఉత్తీర్ణులే. 34గా పొరపాటున నమోదైన మార్కు 43 అని తేలితే ఇంకే విద్యార్థీ తప్పిపోడు. పట్టా పొందే అర్హతను నిర్ణయించే పరీక్షకు పోటీ పరీక్షల నుంచి అరువు తెచ్చిన కాఠిన్యాన్ని అంటగట్టడానికి ఏ హేతువూ లేదు. మార్కులను పై చదువుల ప్రవేశానికి వాడుకుంటారు గనుక ఎంతో కొంత పోటీ ఇక్కడా ఉన్నదని అనవచ్చు. అయినా తప్పుడు కూడిక మీద నిలిచిన ర్యాంకును కాపాడుకునే హక్కు ఎవరికీ లేదు.

శాస్త్రజ్ఞానం కావలసిన ఆ ఒక్క మెట్టు మాటకు వస్తే, అక్కడ కూడా నిపుణుడి తీర్పును దైవవాక్కుగా చూడనక్కరలేదని చెప్పినవారు నిపుణులే. పరీక్షల మార్కులలో యాదృచ్ఛికత వాటా ఎంతో గణాంక పద్ధతిలో లెక్కగట్టే ప్రయత్నాన్ని ఇంగ్లండులో ఎడ్జ్‌వర్త్ 1888లోనే చేశాడు. అమెరికాలో స్టార్చ్, ఎలియట్ అనే ఇద్దరు పరిశోధకులు ఒకే ఆంగ్ల జవాబు పత్రాన్ని 142 మంది ఉపాధ్యాయుల చేత దిద్దించి 1912లో ఫలితాలు ప్రచురించారు. ఆ పత్రానికి నూటికి 64 వేసినవారూ ఉన్నారు, 98 వేసినవారూ ఉన్నారు. వ్యాస రచనలో అంతే మరి అనేవారి కోసం వారు మరుసటి ఏడాది రేఖాగణిత పత్రంతో అదే పరీక్ష చేయగా తేడా ఇంకా పెరిగింది. ఈ తేడాను తగ్గించడానికే మోడరేషన్ అనే పద్ధతి ఉన్నది. ప్రధాన పరీక్షకుడు మిగిలినవారితో కూర్చుని దిద్దవలసిన తీరును నిర్ణయించి, వారు దిద్దిన పత్రాలలో కొన్నిటిని తాను మళ్లీ చూసి, మరీ బిగబట్టినవారినీ మరీ చేయి జార్చినవారినీ ఒక దారికి తేవడమే అది. సంజయ్ సింగ్ కేసులో 2007లో సుప్రీంకోర్టు దీన్ని విపులంగా వివరించింది. అందరూ ఒకే పత్రం రాసినప్పుడు మోడరేషనే తగిన మార్గమనీ, వేర్వేరు ఐచ్ఛికాంశాల మార్కులను ఒక కొలతకు తెచ్చే స్కేలింగ్ అక్కడ పనికిరాదనీ చెప్పింది. తెలంగాణ గ్రూప్-1 మెయిన్స్ జవాబు పత్రాలను తిరిగి దిద్దమని 2025 సెప్టెంబరు 9న హైకోర్టు ఏకసభ్య ధర్మాసనం ఆదేశించినప్పుడు ఆధారం చేసుకున్నది ఈ తీర్పునే. ద్విసభ్య ధర్మాసనం ఆ నెలలోనే ఆ ఆదేశాన్ని నిలుపుదల చేసింది. అది పోటీ పరీక్ష, దాని బాగోగులు వేరు. కానీ మోడరేషన్ జరిగిందా, జరిగితే ఎవరు ఏ పత్రాలను తిరిగి చూశారు, ఆ నమోదు ఎక్కడ ఉన్నది అన్న ప్రశ్నలు న్యాయమూర్తి అడగదగినవి, అడగవలసినవి. వాటికి జవాబులు చెప్పడానికి సంస్థకు కావలసినది పాండిత్యం కాదు, ఫైలు.

కీ వివాదాలు మరో తరహావి. ఆబ్జెక్టివ్ ప్రశ్నకు సంస్థ నిర్ణయించిన సరైన సమాధానాన్ని కీ అంటారు. కాన్పూర్ విశ్వవిద్యాలయం, సమీర్ గుప్తా కేసులో, వైద్యవిద్య ప్రవేశ పరీక్ష కీలో కొన్ని సమాధానాలు ప్రామాణిక పాఠ్యపుస్తకాలకు విరుద్ధంగా ఉన్నాయని విద్యార్థులు చూపించగా, ప్రధాన న్యాయమూర్తి వై.వి. చంద్రచూడ్ 1983లో వారి వైపే తీర్పు చెప్పారు. కీ సరైనదనే భావించాలి గాని, ఆ శాస్త్రం చదివిన వివేకవంతుడెవరూ ఒప్పుకోనంత తప్పుగా ఉంటే దానికి సరిపోయే సమాధానం ఇవ్వనందుకు విద్యార్థికి శిక్ష పడరాదని ఆయన తేల్చారు. కీని ప్రచురించడాన్ని కూడా ఆ తీర్పు మెచ్చుకున్నది. తప్పు బయటపడినది కీ ప్రచురితమైనందువల్లనే గనుక, బయటపెట్టడమే మున్ముందు దిద్దుబాటుకు దారి. పరితోష్ తీర్పుకు ఏడాది ముందు వచ్చిన ఈ తీర్పును, నిపుణుల పరిధి వాదులు షరతుల కోసం ఉదహరిస్తారు గాని సారం కోసం ఉదహరించరు.

ఇక మిగిలినది ముగింపు ఉండాలన్న రెండో ఆధారం. వ్యాజ్యాల వల్ల పరీక్షలు ఏళ్ల తరబడి తేలకుండా ఉండిపోతున్నాయన్న ఆవేదన రణ్‌విజయ్ సింగ్ తీర్పు నిండా కనిపిస్తుంది. 2009 నాటి నియామక ప్రకటన మీద వివాదం 2017 చివరకు తేలింది గనుక ఆ ఆవేదన అర్థం చేసుకోదగినదే. అయితే జాప్యానికి కారణం ప్రశ్న అడగడమా, అడిగిన ప్రశ్నను నిపుణుల ముందు పెట్టకుండా రిట్లూ అప్పీళ్లూగా తిప్పడమా? 2024 నీట్ దీనికి సూటిగా జవాబు చెప్పింది. పరమాణువుల మీద ఇచ్చిన ఒక భౌతికశాస్త్ర ప్రశ్నకు పాత ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకం ప్రకారం ఒక సమాధానం, కొత్త పుస్తకం ప్రకారం మరొకటి సరిపోతుందని పరీక్షా సంస్థ రెంటికీ మార్కులు ఇచ్చింది; నాలుగు లక్షల మందికి పైగా ఆ వెసులుబాటుతో మార్కులు పొందారు. వ్యాజ్యం సుప్రీంకోర్టు ముందుకు వచ్చింది. ప్రధాన న్యాయమూర్తి డి.వై. చంద్రచూడ్ ధర్మాసనం, కాన్పూర్ తీర్పు రాసిన చంద్రచూడ్ కుమారుడి ధర్మాసనం, ఆ ప్రశ్నకు తానే జవాబు రాయలేదు, నిపుణుల పరిధి అని చేతులూ దులుపుకోలేదు. జూలై 22న ఢిల్లీ ఐఐటీ డైరెక్టరును ముగ్గురు నిపుణులతో సంఘం వేసి అభిప్రాయం చెప్పమని కోరింది. మరునాడే వారు సరైన సమాధానం ఒక్కటేనని తేల్చారు. సవరించిన ఫలితాలు జూలై 26న వచ్చాయి. పూర్తి మార్కులు, అంటే 720కి 720, వచ్చినవారు 61 నుంచి 17కు తగ్గారు.

న్యాయమూర్తి మార్కులు వేయకుండానే మార్కుల తప్పును సరిదిద్దించవచ్చని, దానికి నాలుగు రోజులు చాలునని అక్కడ రుజువైంది. ఇరవై మూడు లక్షల మంది రాసిన పరీక్షకు దేశమంతా అట్టుడికినప్పుడు దొరికిన ఆ నాలుగు రోజులు, ఒంటరిగా రిట్ వేసిన ఇంటర్మీడియట్ విద్యార్థికి దొరకడం లేదు. బోర్డుకు సంబంధం లేని సబ్జెక్టు నిపుణులతో ప్రతి ఏటా ఫలితాలకు ముందే ఒక స్థాయీ సంఘాన్ని వేసి, వాల్యుయేషన్ సూత్రాలను ఫలితాలతో పాటే ప్రచురించి, పునఃపరిశీలనలో బోర్డు తప్పు తేలితే కట్టిన రుసుమును తిరిగి ఇచ్చి, సప్లిమెంటరీ పరీక్షకు ముందే ఆ ఫలితం చేతికి అందేలా గడువు పెడితే, హైకోర్టు గుమ్మం ఎక్కవలసిన వారు చాలా కొద్దిమందే మిగులుతారు. ఆ కొద్దిమంది వచ్చినప్పుడు, అధ్యాపకుడు ఆ పత్రంపై స్వహస్తాలతో వేసిన మార్కు ఎంత, మార్కుల జాబితాలో ఉన్నది ఎంత అని న్యాయమూర్తి అడగడానికి 1984 నాటి తీర్పు గాని 2017 నాటి తీర్పు గాని అడ్డు కారాదు.